గోదాములో కిర్రుమన్న మేడ

యుగంధర్ పుట్టుకతోనే భయస్థుడని వాళ్లమ్మ బంగారమ్మ చెబుతుంది. ఈ విషయంలో ఆమె మాటకు ఎదురు సాక్ష్యం ఇంతవరకూ ఎవరూ తేలేదు. రాయపూర్ రైల్వే క్వార్టర్లలో, ఇంజన్లు రాత్రనక పగలనక కూతలు పెట్టేచోట పుట్టి కూడా పక్కింటి కుక్కరు విజిలుకు ఉలిక్కిపడిన పిల్లవాడు ఆ కాలనీ చరిత్రలో అతనొక్కడే. బల్లి, బావి, లిఫ్టు, వేళకాని వేళ మోగే ఫోను, తలుపు వెనక వేలాడే తన సొంత చొక్కా, అన్నింటికీ అతను సమానంగా జడిసేవాడు.

"ఈడిది భయం కాదర్రా, భక్తి. అగుపడిన పెతీదానికీ దండం ఎట్టుకుంటాడు" అనేది బంగారమ్మ ఇరుగుపొరుగుతో. పలాస దగ్గరి పల్లె నుంచి వచ్చి వ్యాగన్ల షాపులో ఫిట్టరుగా చేరిన భర్తకు, ఇలాంటి కొడుకు ఎలా పుట్టాడో ఆమెకు ఇప్పటికీ అంతుపట్టలేదు.

అలాంటివాడు పెద్దయ్యాక జనాన్ని భయపెట్టడం వృత్తిగా స్వీకరించాడు.

దానికి కారణం రాష్ట్రం. రెండువేల సంవత్సరంలో ఛత్తీస్‌గఢ్ ఏర్పడింది. కొత్త రాష్ట్రానికి కొత్త బోర్డులు, కొత్త కుర్చీలు, కొత్త మంత్రులు కావలసి వచ్చినట్టే కొత్త సినిమాలు కూడా కావలసి వచ్చాయి. ఆ రోజుల్లో యుగంధర్ దసరా పందిళ్లు వేసేవాడు. ఒక ఏడాది కాలనీలో వెదురుబద్దలతో, తడి కాగితంతో గుహ కట్టి, లోపల మట్టికుండలో నోరు పెట్టి ఒక రాక్షసుడి గర్జనను టేపు మీద పట్టి పెట్టాడు. మొదటిసారి మోగించగానే పూజకు వచ్చినవాళ్లు ప్రసాదం దొన్నెలు వదిలేసి పరుగెత్తారు. అందరికంటే ముందు పరుగెత్తినవాడు యుగంధర్. ఆ దృశ్యం చూసిన వీరేంద్ర అనే కుర్ర దర్శకుడు అతణ్ణి వీధి చివర పట్టుకుని, అక్కడే ఉద్యోగమిచ్చాడు.

ఆ సినిమాల్లో సెట్లు వేసేవాడు ఒకడు, చప్పుళ్లు చేసేవాడు ఇంకొకడు అనే విలాసం లేదు. గుహ ఎవడు కడితే గర్జన కూడా వాడే చేయాలి. యుగంధర్ రెండూ చేశాడు. థర్మకోలుతో కోటలు కట్టాడు, రేకు ఊపి ఉరుములు తెప్పించాడు. ఊరి పక్కన కొత్త రాజధాని నయా రాయపూర్‌లో రోడ్లు పడ్డాక నాయికానాయకులు పాటకోసం విదేశాలకు వెళ్లడం సులువైంది. పొద్దున్న బయల్దేరి, ఆ వెడల్పాటి ఖాళీ రోడ్ల మీద నాట్యం చేసి, సాయంత్రానికి స్వదేశం చేరుకునేవారు. విదేశంలోకి ఆవులు రాకుండా చూడటమే అక్కడ యుగంధర్ చేసిన కళాదర్శకత్వం.

యూనిట్‌లో అందరూ అతణ్ణి రావ్‌జీ అంటారు. అతని పేరులోగాని, ఇంటిపేరులోగాని రావు ఎక్కడా లేదు. కానీ రాయపూర్‌లో తెలుగువాడంటే రావే. మొదట్లో ఒకటి రెండుసార్లు సరిదిద్దబోయి, గొడవవుతుందేమోనని భయపడి మానుకున్నాడు.

అతని జీవితాన్ని మలుపు తిప్పిన వ్యక్తి జర్మనీ నుంచి వచ్చింది. పేరు హైకె. రాయపూర్ దగ్గరి ఆరంగ్ పరిసరాల్లో వాళ్ల దేశపువాళ్లు ఏదో సినిమా తీస్తుంటే, స్థానికంగా కర్రా తాడూ సమకూర్చే పనికి యుగంధర్‌ను పెట్టుకున్నారు. హైకె మొదట నాటకాలకు గదులు కట్టేదట. తర్వాత సినిమాలకు గదులు కట్టింది. కట్టిన గదులు మూగగా ఉంటున్నాయని విసుగొచ్చి చప్పుళ్లు పోగుచేయడం మొదలుపెట్టింది. ఇప్పుడు మూతపడ్డ కర్మాగారాల్లో ఆ చప్పుళ్లను వినిపించే ప్రదర్శనలు పెడుతుందని, చూడటానికి ఏమీ లేకపోయినా జనం టిక్కెట్టు కొని వస్తారని, దుబాసీ కుర్రవాడు చెప్పాడు. యుగంధర్ ఇంటికొచ్చి ఈ సంగతి వివరిస్తే బంగారమ్మ శ్రద్ధగా విన్నది.

"ఖాళీ షెడ్డులో గోల ఇనడానికి అంత దూరం ఎందుకురా? మన కోటర్లో కూకోమను. బిలాస్‌పూర్ గూడ్సు రోజూ ఫ్రీగానే వాయిస్తాది."

హైకెకు భయమంటే ఏమిటో తెలియదు. పాడుబడిన గోడల కన్నాల్లోకి మైకుతోపాటు మోచేతిదాకా చేయి పెట్టేది. యుగంధర్ ఆమెను దేవతను చూసినట్టు, అంటే తగినంత దూరం నుంచి చూశాడు. ఆమె దగ్గర రెండు విషయాలు నేర్చుకున్నాడు. ఒకటి, కట్టిన గదికి ఒక గొంతు ఉండాలి. రెండు, గదిలో తిరిగే ప్రతి మనిషి అడుగుల చప్పుడునూ విడివిడిగా, ఒక్కొక్కరినే నడిపించి పట్టుకోవాలి. మూడోది ఒకటి ఉంది. ఆమె కట్టిన మెట్లనూ అటకలనూ ఎవరైనా ఎక్కే ముందు ఇంకో మనిషి వచ్చి ప్రతి కీలూ తట్టి, వేలాడి, గెంతి చూసేవాడు. ఆ సమయంలో యుగంధర్ టీ తాగుతుండేవాడు.

హైకె వెళ్లిపోయాక అతని పేరు పెరిగింది. దయ్యాల సినిమా అంటే రావ్‌జీ ఉండాల్సిందే. చప్పుడు బాగుందో లేదో తేల్చడానికి అతనికి సొంత పద్ధతి ఉండేది. చీకటి గదిలో ఒంటరిగా కూర్చుని వింటాడు. గదిలోనే ఉండిపోతే చప్పుడు పనికిరాదు. చెప్పులు వదిలేసి బయటికి వస్తే పాసైనట్టు. భార్య త్రివేణి వరండాలో బట్టలు కుడుతూ ఫలితాలు ప్రకటించేది. "ఫస్ట్ క్లాసండీ. ఈసారి కళ్లజోడు కూడా ఒగ్గీసి వచ్చేరు."

ఇంకో అలవాటు కూడా చేసుకున్నాడు. షూటింగు జరుగుతుండగానే సెట్టులో దాచిన స్పీకర్ల లోంచి మూలుగులు, కిర్రులు వదిలేవాడు. నటులు నిజంగా ఉలిక్కిపడేవారు. అదీ మొదట్లోనే. తర్వాత అలవాటైపోయింది. రావ్‌జీ సెట్టులో ఏ మూల ఏం మూలిగినా, కూలినంత చప్పుడైనా ఎవరూ తల తిప్పకుండా పని చేసుకునే స్థితికి యూనిట్ వచ్చింది. దీన్ని అతను తన వృత్తికి జరిగిన అవమానంగానే తీసుకున్నాడు తప్ప, అందులో ప్రమాదం ఉందని తోచలేదు.

కరోనా వచ్చి వెళ్లిన తర్వాతి ఏడాది, కాకినాడ వైపు నుంచి వచ్చి ఇక్కడ ఇనుప కడ్డీల మిల్లు పెట్టుకుని స్థిరపడ్డ అప్పారావుగారు ఒక దయ్యం సినిమా మొదలుపెట్టాడు. దర్శకుడు వీరేంద్రే, ఇప్పుడు కుర్రవాడు కాదు. రాయపూర్‌లోనే గుఢియారీ అనే పేటలో రైలు పట్టాలను ఆనుకుని ఉన్న ఒక ఖాళీ బియ్యపు గోదాములో సెట్టు. పాతకాలపు ఊరిపెద్ద ఇల్లు. దానికి పైన ఒక మేడ. మేడ మీద దయ్యం కాపురం.

మేడను యుగంధర్ బాగానే కట్టాడు. స్తంభాలు పాతాడు, దూలాలు ఎక్కించాడు, ప్రతి కీలుకూ బోల్టు వేసి రెంచితో తన బలమంతా పెట్టి బిగించాడు. మెట్లకు విడిగా ఇనుప చట్రం వేశాడు. అంతా అయ్యాక పైకెక్కి నడిచి చూశాడు. మేడ చప్పుడు చేయలేదు. రాతి మేడలాగా మౌనంగా నిలబడింది. సెట్టు వేసిన యుగంధర్‌కు అది గర్వకారణం. చప్పుళ్లు తీసే యుగంధర్‌కు అది సిగ్గుచేటు. వందేళ్ల మేడ, పైగా దయ్యం ఉన్నది, గొంతులేకుండా ఎలా ఉంటుంది?

మర్నాడు చప్పుళ్లు తీసే యుగంధర్ నడిమి దూలం దగ్గరికి వెళ్లి, చెవి ఆనించి, రెంచితో బోల్టు కొద్దికొద్దిగా వదులు చేశాడు. ఒకచోట దూలం మూలిగింది. ఆ మూలుగు ఎంత శ్రేష్ఠంగా ఉందంటే అతని రోమాలు నిక్కబొడుచుకున్నాయి. చాలాసేపు రికార్డు చేసుకున్నాడు. ఆ ఆనందంలో ఇంటికెళ్లి త్రివేణికి వినిపించాడు. ఆమె వరండాలో సూది కింద పడేసింది. బోల్టు సంగతి సెట్టు వేసే యుగంధర్‌కు చెప్పాలన్న ఆలోచన చప్పుళ్లు తీసే యుగంధర్‌కు రాలేదు. ఒకే ఒంట్లో కాపురముంటున్నారు కదా, తెలిసే ఉంటుందనుకున్నాడు కాబోలు.

షూటింగు రోజు మధ్యాహ్నం భోజనాలయ్యాక వీరేంద్ర ఏర్పాట్లు మార్చాడు. దయ్యం మేడ మీద నడుస్తుంటే కింద నుంచి తీయాల్సిన షాటు, పైనుంచే తీద్దామన్నాడు. దానితో కెమెరాతో సహా యోగేష్ పైకెక్కాడు. వీరేంద్ర ఎక్కాడు. దయ్యం వేషం వేసిన సుభద్ర ఎక్కింది. ఆవిడ చీర కుచ్చిళ్లకు పిన్నులు పెట్టడానికి త్రివేణి వెళ్లింది, ఎందుకంటే బట్టల పని ఆమెది. ఇంతమంది ఎక్కాక తను కింద ఉండటం నిర్మాత హోదాకు తగదని అప్పారావుగారు కూడా ఎక్కి, ప్లాస్టిక్ కుర్చీ తెప్పించుకుని నడిమి దూలం మీదకు వచ్చేలా వేయించుకున్నాడు. నిండైన మనిషి.

యుగంధర్ స్థానం మేడ కింద. అక్కడే అతని కంప్యూటర్, మైకు, వైర్లు. షాటు మొదలైంది. కిర్రుమని మూలుగు వినిపించింది. బాగా వచ్చిందే అనుకున్నాడు. మళ్లీ వచ్చింది, ఇంకాస్త లోతుగా. తన పనితనాన్ని తనే మెచ్చుకుంటూ చేతివంక చూసుకున్నాడు. వేలు మీటమీద లేదు. ఆ చేతిలో టీ గ్లాసు ఉంది.

భయం అతనికి కొత్త కాదు. కానీ ఇంతకాలం పడ్డవన్నీ కాస్త రుచి చూపించడానికి వచ్చినవని అప్పుడు తెలిసింది. స్పీకర్ల తీగ పీకేశాడు. మూలుగు ఆగలేదు. తల పైకెత్తాడు. పలకల సందుల్లోంచి పొట్టు రాలి కళ్లద్దాల మీద పడింది. నడిమి దూలం స్తంభం నుంచి వేలెడంత పక్కకు జరిగి ఉంది. బోల్టు వంగింది. నట్టు కోసం తడిమాడు. అది బోల్టుకు లేదు. నేల మీద, అతని చెప్పు పక్కనే ఉంది.

కాళ్లు బయటికి పరుగెత్తడానికి తయారయ్యాయి. కాళ్లు అతన్ని ఎప్పుడూ మోసం చేయలేదు, ఎక్కడ ప్రమాదం ఉన్నా ముందుగా అవే బయల్దేరతాయి. కానీ పైన త్రివేణి ఉంది. ఆమె పాదం అతని నెత్తిమీది పలకమీదే ఆడుతోంది, సందులోంచి మట్టెలు కనిపిస్తున్నాయి. యుగంధర్ చేసిందల్లా, భుజాన్ని దూలం కింద పెట్టి స్తంభాన్ని కౌగిలించుకోవడం. దానివల్ల దూలానికి ఏమైనా ఉపకారం జరిగిందో లేదో తెలియదు.

అరవబోయి ఆగాడు. కూలుతోంది అని అరిస్తే అందరూ ఒక్కసారిగా మెట్లవైపు దూకుతారు. ఆ దూకుడుకు మేడ అందర్నీ తీసుకుని అతని మీదకు దిగుతుంది. పోనీ త్రివేణికి తెలుగులో చెబుదామంటే, పైన ఉన్నవాళ్లలో తెలుగు వచ్చిన రెండో మనిషి అప్పారావుగారు. కుర్చీలోంచి ఆయన ఉన్నపళంగా లేస్తే చాలు.

అప్పుడే లెవెల్ క్రాసింగ్ దగ్గర కూత వినిపించింది. గూడ్సు. బొగ్గు బండి. అది గోదాము పక్కనుంచి వెళ్లినప్పుడల్లా నేల అదిరి రేకులు గలగలలాడేవి, వీరేంద్ర తిట్టుకుంటూ షాటు ఆపేవాడు.

"వీరేంద్ర భాయ్" అన్నాడు యుగంధర్ హిందీలో. "అడుగుల చప్పుడు కావాలి. ఇప్పుడే. ఒక్కొక్కరే దిగండి. చెప్పులు తీసి, నెమ్మదిగా."

"షాటు మధ్యలోనా? నీకు మతిపోయిందా రావ్‌జీ?"

"గూడ్సు వస్తోంది. ఎలాగూ ఆపుతావు కదా. గూడ్సు వచ్చేలోపల తీసుకుంటాను. ముందు యోగేష్. కెమెరాతో. బరువుతో దిగితే చప్పుడు నిండుగా ఉంటుంది."

వీరేంద్ర పళ్లు నూరాడు. కానీ రావ్‌జీ అడుగుల పిచ్చి యూనిట్‌కు పాత జబ్బే. ప్రతి సినిమాకూ ఎప్పుడో ఒకప్పుడు భరించాల్సిందే. యోగేష్ కెమెరా భుజాన వేసుకుని గొణుక్కుంటూ దిగాడు. దూలం నిట్టూర్చింది.

"అరె వాహ్, చూడు, నీ స్పీకరు మెచ్చుకుంటోంది" అన్నాడు వీరేంద్ర, తను కూడా దిగుతూ. యుగంధర్ నవ్వబోయాడు. పళ్లు మాత్రమే కనిపించాయి. తర్వాత సుభద్ర. దయ్యంగా దిగాలా, మామూలుగా దిగాలా అని అడిగింది.

"మామూలుగా దిగు తల్లీ."

"దయ్యం మామూలుగా ఎలా దిగుతుంది? పాదాలు వెనక్కి కదా ఉంటాయి" అని ఆవిడ వృత్తిధర్మం కొద్దీ వెనక్కి తిరిగి, ఒక్కో మెట్టూ కాలితో తడుముకుంటూ దిగింది. ఆ కాసేపట్లో యుగంధర్ తనకు తెలిసిన దేవుళ్లందరికీ, తెలియని కొందరికీ మొక్కుకున్నాడు.

ఇప్పుడు మేడ మీద త్రివేణి, అప్పారావుగారు. పట్టాలు సన్నగా జుమ్మంటున్నాయి.

"త్రివేణీ" అన్నాడు యుగంధర్ తెలుగులో, మైకు పైకెత్తి పట్టుకుని. "మీ పలాస అటక గుర్తుందా? మీ నాన్న చింతపండు బస్తాలు ఎక్కించిన అటక."

ఆ అటక త్రివేణి చిన్నతనంలో బస్తాలతో సహా వంటింట్లోకి దిగింది. పైన మట్టెలున్న పాదం కదలకుండా నిలిచిపోయింది.

"గుర్తుందండీ" అంది ఆమె. గొంతులో ఏ మార్పూ లేదు. "అయితే మరి సేఠ్‌గారు ముందు దిగాలి కదా."

"నేనా?" అన్నాడు అప్పారావుగారు. "నిర్మాత అడుగులు సినిమాలో ఎందుకయ్యా?"

"ఊరిపెద్ద అడుగులకండీ" అంది త్రివేణి. "మిగిలినోళ్లవి పిల్లి నడకలాగున్నాయి. ఆ బరువూ ఆ దర్జా తమరికే ఉన్నాయని పొద్దుట్నుంచి ఈయన ఒకటే గోల. అడగడానికి భయం."

అప్పారావుగారు ఆ మాటను కాసేపు లోపల తిప్పుకున్నాడు. "అది ముందే చెప్పాలి కదయ్యా యుగంధరూ. చెప్పులతోనా, తీసా?"

"తీసండీ. కుర్చీలోంచి నిదానంగా లేవండి. చెయ్యి గోడమీద పెట్టుకుని, అంచు వెంబడే నడవండి."

"గోడ ఎందుకూ?"

"పెద్దమనిషి కదండీ. జమీందారీ నడక."

అప్పారావుగారు లేచాడు. దూలం యుగంధర్ భుజం మీదకు ఇంకొంచెం ఒరిగింది. ఆయన జమీందారీ నడకతో అంచు వెంబడి వచ్చాడు, మెట్టెక్కినంత గంభీరంగా మెట్టు దిగాడు. సగంలో ఆగాడు.

"ఇది సరిగ్గా పడలేదు. మళ్లీ పైనుంచి రానా?"

"వొద్దండి" అన్నాడు యుగంధర్. అతని జీవితంలో ఒక నిర్మాతతో అంత గట్టిగా మాట్లాడటం అదే మొదలు. "బ్రహ్మాండంగా పడింది. వచ్చేయండి."

ఆయన నేలమీద పాదం పెట్టేసరికి ఇంజను గోదాము గోడ దాటింది. రేకులు గలగలమన్నాయి. నేల వణికింది. యుగంధర్ ఇక నటించలేకపోయాడు. "రాయే" అని మాత్రం అన్నాడు. అది అరుపుగా రాలేదు, గాలిగా వచ్చింది. త్రివేణి ఆ గూడ్సు మోతలో ఏం విన్నదో గానీ, చీర ఎగ్గట్టుకుని అంచు వెంబడి రెండు అంగల్లో ఇనుప మెట్లమీదికి వచ్చిపడింది. ఆమె అక్కణ్ణుంచి యుగంధర్‌ను చూసింది.

"మీరెందుకింకా దానికింద? ఇటు రండి."

అప్పుడు యుగంధర్‌కు తన భుజం జ్ఞాపకం వచ్చింది. కాళ్లు ఇంతసేపూ ఆపుకున్న పరుగును తీర్చుకున్నాయి. అతను మెట్ల దగ్గర బొక్కబోర్లా పడ్డాడు. వెనకాల మేడ నడిమికి విరిగి, ప్లాస్టిక్ కుర్చీతో సహా, కంప్యూటర్ మీదికి దిగింది. దుమ్ము గోదామంతా లేచింది.

దుమ్ములో కూడా యోగేష్ తల తిప్పలేదు. కెమెరా లెన్సు తుడుచుకుంటూ, "రావ్‌జీ, స్పీకరు తగ్గించు" అన్నాడు.

దుమ్ము కాస్త అణిగాక అందరూ చూశారు. గూడ్సు ఇంకా వెళుతూనే ఉంది. సుభద్ర నేలమీద కూర్చుండిపోయి తన కాళ్లు తనే పట్టుకుంది. వీరేంద్ర యుగంధర్ వంక చూసి, మేడ వంక చూసి, మళ్లీ అతని వంక చూసి, బయటికి వెళ్లి గోడవారన వాంతి చేసుకున్నాడు. అప్పారావుగారు వట్టికాళ్లతో నిలబడి, విరిగిన కుర్చీని చాలాసేపు పరిశీలించాడు.

"బోల్టు నేనే వదులు చేశానండీ" అన్నాడు యుగంధర్, లేవకుండానే. "చప్పుడు కోసం."

"చప్పుడు కోసం" అని అప్పారావుగారు తిరిగి పలికాడు. చెమట తుడుచుకున్నాడు. తిడతాడని అందరూ అనుకున్నారు. ఆయన తెల్లబోయిన మొహంతో, కొంచెం బెంగగా అడిగాడు. "పోనీ, నా అడుగులు బాగా వచ్చాయా?"

యుగంధర్ చేతిలో మైకు ఇంకా పట్టుకునే ఉన్నాడు. దాని తీగవెంట చూశాడు. తీగ కొస నేలమీద, దేనికీ తగలకుండా పడి ఉంది. స్పీకర్లది పీకినప్పుడు మైకుది కూడా పీకేశాడు. సెట్టు వేసే యుగంధరూ చప్పుళ్లు తీసే యుగంధరూ మొదటిసారి ఏకాభిప్రాయానికి వచ్చి కలిసి పీకారన్నమాట.

"రాలేదండీ" అన్నాడు.

త్రివేణి యుగంధర్ పక్కన కూలబడి, అతని భుజంమీద దూలం గీసుకున్న గాయానికి కొంగు ఒత్తిపెట్టింది. కొంగు జారిపోతుంటే, అతను తన చేతిని ఆమె చేతిమీద పెట్టి నొక్కాడు. రెండూ కలిసి గాయాన్ని ఇంకాస్త రేపాయి.

"రేపు మళ్లీ నడుస్తాను" అన్నాడు అప్పారావుగారు, చెప్పులు వెతుక్కుంటూ. "కింద. నేలమీదే."